పావు చుట్టు

పదకొండేళ్లుగా నా దవడలో ఒక మోత ఉంది. పళ్ల డాక్టరుకు చూపించాను. పళ్లు బాగానే ఉన్నాయన్నాడు. ఉంటాయి. అది పంటి నొప్పి కాదని ఆయన కుర్చీలో నోరు తెరుచుకుని పడుకున్నప్పుడే నాకు తెలుసు. నోరు తెరిచి కూడా చెప్పలేకపోయిన సంగతి అది. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలననిపిస్తోంది.

నేను బీదర్‌లో ఒక పాలిటెక్నిక్‌లో పాఠాలు చెబుతాను. ఉద్యోగం కోసం తెలంగాణ నుంచి వచ్చినవాణ్ణి. వచ్చిన కొత్తలోనే నన్నొక పిచ్చి పట్టుకుంది. పారే నీటికి రాయి అడ్డొస్తే దాని వెనక సుడులు లేస్తాయి, ఎడమకొకటి, కుడికొకటి. అక్కడ పలుచటి ఉక్కు పట్టీ పెడితే వణుకుతుంది. ఆ వణుకుతో చక్రాన్ని తిప్పాలని ఆరేళ్లు కష్టపడ్డాను. నా నమూనా ల్యాబు తొట్టిలో మాత్రమే తిరిగేది. ఆ తొట్టిలో నీటిని మోటారు తోసేది. కరెంటు పోతే నా యంత్రమూ ఆగేది. ఇప్పుడు చెబితే నవ్వొస్తుంది. అప్పుడు రాలేదు.

చింతకి అనే ఊరి దగ్గర ఒక రైతు అలాంటిదే చేశాడని ఎవరో చెబితే చూడటానికి వెళ్లాను. పేరు ఈశ్వరయ్య. నాకంటే పెద్దవాడు, అన్నా అని పిలిచేవాణ్ణి. అతని భార్య లక్ష్మమ్మ వాగు ఒడ్డున, రెండు నిలువుల ఎత్తున, మిరప, టమాట మడి వేసుకుంది. కరెంటు లేదు. రోజూ బిందెలతో నీళ్లు మోసి ఆమె మోకాలు అరిగిపోయింది. అది చూడలేక అతను పాత రంపపు పట్టీని వాగులో రాయి వెనక బిగించాడు. పట్టీ ఇటూ అటూ ఊగితే సైకిల్ ఫ్రీవీల్ ఒకవైపే కదులుతుంది. దాని మీది తాడుకు కట్టిన డబ్బాలు ఒక్కొక్కటే నీళ్లతో పైకెళ్లి డ్రమ్ములో ఒంపేవి. నెమ్మదిగా. కానీ ఆగకుండా. నేను ఒడ్డున కూర్చుండిపోయాను. నా ఆరేళ్లూ అక్కడ తుప్పు పట్టిన డబ్బాల్లో పైకి పోతున్నాయి.

ఊళ్లోవాళ్లు దానికి చలిజ్వరం మిషిన్ అని పేరు పెట్టారు. "ఏం ఈశ్వరన్నా, నీల్లకు జరమొచ్చిందా? గోలీ ఎయ్యరాదు!" అని ఒకాయన అరిస్తే, "జరం తగ్గితె మీ వదినె మోకాలు నొస్తది, ఉండనియ్ రా" అన్నాడు ఈశ్వరన్న, తల కూడా ఎత్తకుండా.

అంతా చూపించాడు. ఏదీ దాచలేదు. పట్టీకి తగిలించిన ఇనుప ఊచ ఒకటి నీళ్ల పైకి వచ్చేది. దాన్ని పళ్లతో పట్టుకుని వినేవాడు. "చెవులకు వాగు చప్పుడే ఇనొస్తది సార్. పండ్లకు అసలు సంగతి తెలుస్తది." పట్టీని బిగించే మర ఒకటుండేది. మోత దవడంతా నిండే దాకా దాన్ని కొంచెం కొంచెం తిప్పేవాడు. కొంచెం ఎక్కువైనా పట్టీ మొండికేస్తుంది. నేనూ పళ్లతో పట్టుకుని విన్నాను. నేర్చుకున్నాను. దాన్ని ఎలా పలికించాలో, ఎలా ఆపాలో, రెండూ నాకు నేర్పింది అతనే.

కొన్నాళ్లకు వ్యవసాయ ఆఫీసు నుంచి అధికారులు దాన్ని చూడటానికి వస్తారని తెలిసింది. నచ్చితే బెంగళూరు ప్రదర్శనకు పంపుతారు, ఇంకొన్ని ఊళ్లలో పెట్టిస్తారు. అదే ప్రదర్శనకు నా నమూనా కూడా వాళ్ల పరిశీలనలో ఉంది. జిల్లా నుంచి ఒక్కటే వెళుతుంది.

వాళ్లు వచ్చే రోజు పొద్దున లక్ష్మమ్మ పసుపు కుంకుమ పళ్లెం తెచ్చింది. యంత్రానికి పూజ. ఈశ్వరన్న నన్ను పిలిచాడు. "జర మీరొకసారి పండ్లతోని జూడుండ్రి సార్. బొట్టు పెట్టినంక ఎంగిలి చెయ్యద్దు."

వంగాను. ఊచ పట్టుకున్నాను. నా పుర్రె అంతా పలికింది. అంత నిండైన మోత నా తొట్టిలో ఎన్నడూ వినలేదు. పూజ కోసం ఈశ్వరన్న పలక అడ్డం పెట్టి నీటిని ఆపాడు. లేచేటప్పుడు మర మీద నా చెయ్యి ఉంది. కుడివైపు పావు చుట్టు తిప్పాను.

వదులుగా ఉందేమోనని తిప్పానా? చాలా ఏళ్లు అలాగే అనుకున్నాను, అలా అనుకోవడానికి వీలుగా ఆ మర వదులుగా కదిలినట్టు ఒక జ్ఞాపకాన్ని కూడా తయారు చేసుకున్నాను, దాన్ని ఎంత శ్రద్ధగా తయారు చేశానంటే ఒక్కోసారి నేనే నమ్మేవాణ్ణి. అది వదులుగా లేదు. నాకు తెలుసు. తిప్పేటప్పుడూ తెలుసు.

అధికారులు వచ్చాక కొబ్బరికాయ కొట్టారు. ఆపి ఉంచిన నీటిని వదిలారు. ఫ్రీవీల్ నాలుగుసార్లు టిక్కుమని ఆగింది. డబ్బాలు వేలాడుతూ ఉండిపోయాయి. అధికారులు కన్నడంలో ఏదో అనుకుని నవ్వారు. ఈశ్వరన్న ఊచ మీదికి వంగాడు. కుంకుమ కనిపించింది. పెదవులు వేలెడు దూరంలో ఆగిపోయాయి. అలాగే వంగి నా వైపు చూశాడు.

"సార్, మీరు ఇన్నరు గద. మంచిగ పలికిందా?"

"మంచిగనే పలికింది అన్నా."

అంతవరకూ నిజమే.

"మరెందుకు తిరుగుత లేదు? నీల్లల్ల దమ్ము లేదా, నా చేతులల్ల దమ్ము లేదా?"

మర నాకు చేతి దూరంలో ఉంది. పావు చుట్టు వెనక్కి తిప్పితే అయిపోయేది.

"నీ లెక్క తప్పింది ఈశ్వరన్నా" అన్నాను. "ఇన్ని దినాలు వట్టిగనే కలిసొచ్చి తిరిగింది."

"అట్లనా" అన్నాడు. వంగినవాడు లేచి, "సదువుకున్నోల్లు, మీకు తెలుస్తది" అన్నాడు. కోపం లేదు. ఉంటే బాగుండేది.

పూజ చేశాక ఆగిందంటే వద్దనే సూచన అనుకుని సాయంత్రానికి అంతా విప్పేశాడట. నా నమూనా బెంగళూరు వెళ్లింది. వచ్చిన షీల్డు నా గదిలో బీరువా మీద ఉంది. దాని మీది దుమ్ము నేను తుడవను, ఎవరినీ తుడవనివ్వను.

పోయినేడు బీదర్ ఆసుపత్రి వరండాలో లక్ష్మమ్మ కనిపించింది. చేతిలో కర్ర. నన్ను గుర్తుపట్టి నవ్వింది. "మీరంటె మా ఆయనకు శాన ఇజ్జత్ సార్. ఇప్పుడు ఎవలన్న ఖరాబైన మోటర్ తెస్తె ముట్టడు. నాకు లెక్క రాదు, ఆ సార్‌ను అడుగుండ్రి అంటడు." ఆమె చీటీ నేనే పట్టుకుని డాక్టరు గది దాకా నడిపించాను. తలుపు దాకా చెప్పాలనుకుంటూనే ఉన్నాను. ఆమె లోపలికి వెళ్లింది. నేను బయటికి వచ్చేశాను.

అతని యంత్రం ఆగడం కంటే, అతను తన చేతుల్ని నమ్మడం మానేయడం పెద్దది. అది నేను తిరిగి ఇవ్వగలనా? ఇప్పుడు చెబితే ఆమె మోకాలు బాగవుతుందా? చెబితే తేలికయ్యేది అతనా, నేనా? తెలియదు. క్షమించమని అడగడానికి కూడా ఈ కాగితం సరిపోదు. ఇది చదివేది మీరు, అతను కాదు.

అయినా ఆ రోజు వాగు దగ్గర అనాల్సిన మాట ఒకటుంది. రాసేముందు తలుపు వేసుకుని ఒకసారి పైకే అన్నాను. దవడ కాస్త వదులైంది.

నీ లెక్క తప్పలేదు ఈశ్వరన్నా. మర తిప్పింది నేను.