వదిన ముందు నా చెప్పుల చప్పుడు

మొన్న పొద్దున ఉప్పల్‌లో, కార్ఖానాలో మిషన్ దగ్గర ఉండగా కబురొచ్చింది. మా వదిన పోయింది. చేతుల నూనె తుడుచుకోకుండానే నాచారంలో అన్నవాళ్ల ఇంటికి పరుగెత్తాను. పియానో మూత తెరిచే ఉంది. వానాకాలం చెమ్మ పట్టకుండా దాని అడుగున ఆమె పెట్టుకునే చిన్న బల్బు ఇంకా వెలుగుతోంది. దాన్ని ఆర్పడానికి నాకు చేతులు రాలేదు.

మా వదిన మద్రాసులో, బొంబాయిలో కూడా కచేరీలు చేసిన మనిషి. మెదక్ వైపు పల్లెలో పుట్టి, బోర్డింగ్ స్కూల్లో ఒక దొరసాని దగ్గర పియానో నేర్చుకుంది. ఎదురుగా పుస్తకం లేకుండా వాయించడం గర్వం అనేదట ఆ దొరసాని. అందుకే ఎంత బాగా వచ్చిన పాటకైనా వదినకు స్వరాల పుస్తకం ముందుండాలి, పక్కన పేజీ తిప్పే మనిషి ఉండాలి. అన్న రైల్వే డ్యూటీ మీద ఊళ్లు తిరుగుతుంటే ఆ మనిషిని నేనయ్యాను. నాకా, ఆ పుస్తకమంటే చీమలు పాకిన కాగితం.

"నేను తల ఊపుత, నువ్వు తిప్పు. గంతే తమ్మీ," అనేది.

గంతేనట! హాలు నిండా జనం, ఆమె తల వైపే చూస్తూ నేను.

ఒకసారి సికింద్రాబాద్‌లో కచేరీ. ముసురు పట్టి కాగితాలు మెత్తబడ్డాయి. వదిన తల ఊపింది, తిప్పాను. రెండు పేజీలు అతుక్కుని ఒకేసారి తిరిగాయి. వెనక్కి తిప్పుదామంటే వేళ్లు కొయ్యబారాయి. కొంప మునిగిందనుకున్నాను. ఆమె ఆగలేదు, కంగారుపడలేదు. ఎదురుగా ఉన్నది వేరే పేజీ అన్న సంగతే తెలియనట్టు వాయించుకుంటూ పోయి, మళ్లీ తల ఊపింది. అప్పుడు నాకు వేరే భయం పట్టుకుంది.

తిరుగు బస్సు తార్నాక దాటాక అడిగాను. "వదినా, నీకు పుస్తకం కనబడ్తలేదా?"

"అక్షరాలు ఎప్పుడో పోయినయి. ఇప్పుడు కాలు పెట్టె మెట్లు గూడ పోతున్నయి. మీ అన్నకు ఎరుకే. ఇగ నీకు ఎరుకైంది."

"మరి పేజీలు తిప్పుడెందుకు?"

"తెలిస్తె రేపటి సంది నా పాట ఎవరు వింటరు తమ్మీ? నా కండ్లు సూస్తరు. పాపం అంటరు. నాకు సీకటంటె భయం లేదు, ఆ మాటంటెనే భయం."

బస్సు దిగేటప్పుడు నా మోచెయ్యి పట్టుకుని కాలితో మెట్టు వెతుక్కుంది. వేదిక మీద ఎన్నడూ తొణకని మనిషి అట్లా తడుముకోవడం చూసి నాకు ఏడుపొచ్చింది.

తర్వాత నాతో మేకులు కొట్టిన తోలు చెప్పులు కొనిపించింది. చెయ్యి పట్టుకుంటే జనానికి అనుమానం కదా. "నువ్వు ముందు నడువు. చెప్పులు జర గట్టిగ ఈడ్సు. నేను ఎనక వస్త," అంది.

తెర పక్క నుంచి పియానో దాకా నేను ఈడ్చుకుంటూ నడిచేవాణ్ని. వెనుక ఆమె చీర సవ్వడి. ఏ పూలకుండీయో, మైకు తీగో తగిలి పడుతుందేమోనని ప్రతిసారీ ప్రాణాలు గుప్పిట్లో ఉండేవి. ఆమె కూర్చున్న బల్ల కిర్రుమన్నాకే ఊపిరి పీల్చుకునేవాణ్ని. చదవలేని ఆమె, చదవరాని నేను, ఆ పుస్తకాన్ని ఎంత శ్రద్ధగా తిప్పామో! మీలో ఎవరైనా ఆ కచేరీలు విని ఉంటే నా చెప్పుల గోల గుర్తుండే ఉంటుంది. ముందు వరుసలో ఒక పెద్దమనిషి "ఎవడీ మొరటోడు?" అని విసుక్కున్నాడు కూడా.

వదిన తెర వెనక్కి వచ్చి ఒకటే నవ్వు. "తిట్లు నీకు, చప్పట్లు నాకు. ఏం జేస్తం తమ్మీ!"

చివరి కచేరీ దాకా ఎవరికీ తెలియలేదు. ఇప్పుడు చెప్పొచ్చు. ఆమెను పాపం అనడానికి ఇక ఎవరికీ వీల్లేదు.

నిన్న సాయంత్రం శవపెట్టె లేపాక పాస్టరుగారు నన్ను ముందు నడవమన్నారు. సమాధుల తోట దాకా వానకు తడిసిన రాళ్ల బాట. కొంత దూరం పోయాక అన్న పక్కకు వచ్చి మెల్లగా అడిగాడు. "చెప్పులు గట్ల ఈడుస్తున్నవేందిరా?"

అప్పుడు చూసుకున్నాను. ఆపుదామనుకున్నాను. ఆపితే ఎటు రావాలో తెలియక ఆమె అక్కడే నిలబడిపోతుందేమోనని భయమేసింది. ఈడ్చుకుంటూనే నడిచాను.