ఎడమ అంచున పారిన నీళ్లు: రియాద్ నుంచి ఖమీస్ ముషైత్ దాకా

ఖమీస్ ముషైత్‌కు జనం కొండలు చూడటానికి వెళ్తారు, చల్లగాలి కోసం వెళ్తారు. నేను మాత్రం ఒక మోకాలికి క్షమాపణ చెప్పుకోవడానికి వెళ్లాను. ఆ మోకాలు ఊరుగ్వే నుంచి వచ్చిన ఒక ఫుట్‌బాల్ ఆటగాడిది. అది పాడవడానికి కారణం నేనేనన్న సంగతి పన్నెండేళ్లు ఎవరికీ చెప్పకుండా కడుపులో దాచుకున్నాను.

గల్ఫ్ యుద్ధం నాటికి నేను రియాద్‌లోని మలాజ్‌లో ఒక క్లబ్బు గ్రౌండులో గడ్డి పెంచే పనిలో ఉన్నాను. మాది కోరుట్ల దగ్గర పల్లె. వరి తప్ప వేరే పచ్చదనం ఎరగనివాణ్ని. సైరన్ మోగినప్పుడల్లా గ్యాలరీ కింది సామాన్ల గదిలోకి పరుగెత్తి, విషవాయువు భయానికి మొహాన తడి తువ్వాలు కప్పుకుని కూర్చునేవాళ్లం. మనిషికే దిక్కులేని ఆ రోజుల్లో గడ్డిని ఎవడు పట్టించుకుంటాడు? యుద్ధం ముగిసేసరికి గ్యాలరీ పక్క అంచంతా బీడుపడింది. మరుసటి ఏడాది ఆ ఆటగాడు వచ్చాడు. ఎడమ కాలితో ఆడేవాడు, ఎడమ అంచునే పరుగెత్తేవాడు. అరబ్బీలో ఎడమను యసార్ అంటారు కనక పనివాళ్లం ఆయనకు ఆ పేరే పెట్టుకున్నాం. ప్రాక్టీసు అయ్యాక అందరూ కార్లెక్కి పోతుంటే, యసార్ మాత్రం మా దగ్గరికొచ్చి, మా పక్కనే నేల మీద కూర్చుని చాయ్ తాగి వెళ్లేవాడు. నాకు ఆయనంటే ప్రాణం.

ఆ ప్రాణమే కొంప ముంచింది. మ్యాచ్ ఉన్న రోజు పొద్దున సూపర్‌వైజర్ నాతో "గ్యాలరీ పక్క అంచుకు పది నిమిషాలు నీళ్లు పెట్టు, చాలు" అన్నాడు. మొదటి సగంలో యసార్ పరుగెత్తేది అక్కడే. అలాంటి మనిషి కాలి కింద గడ్డి కొసలు ఎండి ఉంటే నా మనసొప్పలేదు. వరి మడికి పెట్టినట్టు మడమ మునిగేదాకా పెట్టాను. సాయంత్రానికి పైన ఆరిపోయింది, లోపల మాత్రం బురదే. యసార్ బంతి తీసుకుని ఒక్కసారి లోపలికి తిరిగాడు. కాలు జారింది. మోకాలు పట్టుకుని పడిపోయాడు, స్ట్రెచర్ మీద మోసుకెళ్లారు. వైద్యానికని వాళ్ల దేశం పోయినవాడు మళ్లీ రాలేదు. అరబ్బీ పేపరు చదవడం నాకు రాదు. ఆయన ఆట అంతటితో ముగిసిందనే అనుకున్నాను.

పన్నెండేళ్ల తరువాత ఖమీస్ నుంచి గంగాధర్ ఫోన్ చేశాడు. ఒకప్పుడు రియాద్‌లో నా రూమ్మేటు, ఇప్పుడక్కడ ఒక మెస్సులో వంటవాడు. "అన్నా, నీ యసార్ ఈడనే ఉన్నడే! క్లబ్బుల కోచ్ అయిండు. నెత్తంత తెల్లగయింది గని, నడక గదే నడక" అన్నాడు. మర్నాడే నన్ను పనికి పెట్టుకున్న కఫీల్ దగ్గరికి వెళ్లి ఊరు దాటడానికి లెటర్ రాయించుకున్నాను.

బుధవారం డ్యూటీ దిగి, అజీజియా బస్టాండులో నాలుగింటి బస్సెక్కాను. అప్పట్లో టికెట్ నూట ముప్ఫై రియాళ్లు, ప్రయాణం దాదాపు పదమూడు గంటలు. దారిలో రెండు చోట్ల ఆపుతారు, అన్నం, కోడి పన్నెండు రియాళ్లకే దొరుకుతాయి. తెల్లారేసరికి ఇసుక పోయి కొండలు వచ్చాయి. దిగగానే చలికి పళ్లు టకటకమన్నాయి. సౌదీలో ఎండకే తప్ప చలికి సిద్ధపడని మొనగాణ్ని మరి, చొక్కా మీదే వెళ్లాను.

గంగాధర్ తన స్వెట్టర్ తొడిగించి, పళ్లెం నిండా వేడివేడి పప్పన్నం పెట్టాడు. ముద్ద కలుపుతూ అతనికి మొదటిసారి ఆ సంగతంతా చెప్పేశాను. "ఆయన కొడితే ఎట్ల?" అన్నాను. "కొడితే కొట్టనీ. ఎడమకాలితోని తంతె మాత్రం పక్కకు జరుగు, గోల్ అయితది" అని నవ్వాడు. మధ్యాహ్నం నమాజు తరువాత నన్ను గ్రౌండుకు తీసుకెళ్లిన పఠాన్ టాక్సీవాడు కూడా "ఆ కోచ్ సాబా? బహుత్ అచ్ఛా ఆద్మీ" అన్నాడు. మంచివాడన్న కొద్దీ టాక్సీ వెనక్కి తిప్పమందామనిపించింది. పది రియాళ్లిచ్చి దిగాను.

యసార్ గీత పక్కన విజిల్ మెడలో వేసుకుని నిలబడి ఉన్నాడు. మా ఇద్దరిదీ అరకొర అరబ్బీయే. "కాప్టెన్, నేను మలాజ్‌లో నీళ్లు పెట్టేవాణ్ని" అన్నాను. ఆయన కళ్లు చికిలించి చూసి, "చాయ్‌లో నాలుగు చెంచాల చక్కెర పోసేవాడివి!" అని కేకేసి కౌగిలించుకున్నాడు. ఆ కౌగిలిలోనే అంతా చెప్పేశాను. పది నిమిషాలన్నది, నేను మడి పారించింది, బురద, జారుడు, అన్నీ. ఆయన వెనక్కి జరిగాడు. ట్రాక్ ప్యాంటు పైకి మడిచి మోకాలి మీద మచ్చ చూపించాడు.

"మొదటి ఏడాది ఏడ్చాను. అది మాత్రం నీ వల్లే" అన్నాడు. తరువాత మెల్లగా నవ్వాడు. "ఆపరేషన్ అయ్యాక వేగం పోయింది. మా ఊరి క్లబ్బువాళ్లు జాలిపడి నన్ను మైదానం మధ్యలో నిలబెట్టారు. పరుగెత్తలేను కాబట్టి తలెత్తి చూడటం నేర్చుకున్నాను. అంచున ఉన్నన్నాళ్లూ నాకు గీత ఒక్కటే కనిపించేది మిత్రమా, మధ్యలో నిలబడితే నా వాళ్లు పదిమందీ కనిపించారు. అలా తొమ్మిదేళ్లు ఆడాను, అందులో ఐదేళ్లు కెప్టెన్‌ని. ఇప్పుడు ఈ ఉద్యోగం కూడా ఆ చూపు చూసే ఇచ్చారు."

నేను ఆ గీత పక్కనే పసిపిల్లాడిలా ఏడ్చాను. సంతోషంతోనే. ఆయన నా చెయ్యి పట్టుకుని ఎడమ మూలకు లాక్కెళ్లాడు. అక్కడి గడ్డి ఎండి పసుపు రంగుకు తిరిగింది. పైపు నా చేతిలో పెట్టి, గడియారం చూసుకుని, "ఇదే నీకు శిక్ష. పది నిమిషాలు. దాటితే విజిల్ ఊదుతా" అన్నాడు. ఆటగాళ్లంతా ఆట ఆపి చూశారు. పదో నిమిషానికి నిజంగానే ఊదాడు, ఖమీస్ మొత్తం వినబడేలా.

తిరుగు బస్సులో కూర్చుంటే, వచ్చేటప్పుడు బరువనిపించిన సంచి ఎందుకో తేలికైంది. పన్నెండేళ్లు నేను ఆయన ఆటకు కర్మకాండ చేస్తూ కూర్చుంటే, ఆయన అక్కడ హాయిగా ఆడుకుంటూ ఉన్నాడు. ఒక్కసారి అడిగి ఉంటే ఇద్దరం కలిసి ఎన్ని చాయ్‌లు తాగేవాళ్లమో! వెళ్లేవాళ్లకు ఒకే సలహా: స్వెట్టర్ సంచి అడుగున కాకుండా పైన పెట్టుకోండి, బస్సు దిగగానే కావాలి. ఇక ఆ గ్రౌండుకు వెళ్తే ఎడమ మూలన కాస్త చూసుకుని నడవండి. విజిల్ పడ్డాక కుళాయి కట్టేయడానికి నేను ఇంకో నిమిషం తీసుకున్నాను. గడ్డి కొసలు ఎండి ఉంటే నాకు ఇప్పటికీ మనసొప్పదు.