ఇరవై అయిదు జేబురుమాళ్ళు, ఒక చొక్కా

ఆ రోజుల్లో అని మొదలుపెడితే చదివేవాళ్ళు గుర్రబ్బళ్ళూ అణా కాఫీలూ ఊహించుకుంటారేమో గానీ, నేను చెప్పబోయేవి అంత దూరపు రోజులు కావు. అప్పటికే అందరి చేతిలోనూ ఫోనుంది, ఫోనులో బజారుంది, విశాఖపట్నంలో కొత్త మాల్ ఒకటి అద్దాలు బిగించుకుంటోంది. అయినా నా లెక్కలో అవి ఆ రోజులే. కంచరపాలెంలో పొద్దున్న తొమ్మిదిన్నరకి కొట్లవాళ్ళు షట్టర్లు ఎత్తి, గుమ్మం ముందు నీళ్ళు జల్లి, అప్పన్న పటానికి అగరొత్తి గుచ్చి, మొదటి బేరం కోసం వీధి వంక చూసేవారు. ఇప్పుడూ చూస్తారు. చూసేవాళ్ళే తగ్గిపోయారు.

నేను అప్పుడు ఒక దినపత్రికలో కొత్తగా చేరిన విలేకరిని. వాణిజ్య వార్తలు నాకు అప్పగించారు. వాణిజ్యం గురించి నాకేమీ తెలియదని అప్పగించిన పెద్దాయనకి తెలుసు. ఆయనకీ తెలియదు గనక మా ఇద్దరికీ బాగా కుదిరింది. రైల్వే గేటు అవతల సందులో సందు, ఆ సందులో మేడమీద ఒక గది నాది. ఆఫీసుకి వెళ్ళే దారిలోనే మా బావ బట్టల కొట్టు. బావంటే మా పెద్దమ్మ గారి అల్లుడు. నేను ఆయన్ని బావా అంటాను, ఆయనా నన్ను బావా అనే అంటాడు. (మా వైపు మగాళ్ళందరూ ఒకరికొకరు బావలే. ఎవరు ఎవరికి ఏమవుతారో పెళ్ళిళ్ళప్పుడు చూసుకుంటాం.)

పన్నెండడుగుల వెడల్పున్న కొట్టది. ఒకప్పుడు స్టీల్ ప్లాంటు వాళ్ళకీ పోర్టు వాళ్ళకీ దసరా బోనసులు పడితే ఆ పన్నెండడుగుల్లో నిలబడ్డానికి చోటుండేది కాదట. 'అట' అంటున్నాను, ఎందుకంటే నేను చూడలేదు. నేను చూసేసరికి అక్కడ బావా, గల్లాపెట్టే, ఒక ఫ్యానూ మిగిలారు. పదకొండేళ్ళు ఆ కొట్లో పనిచేసిన సేల్స్‌మన్ ఒకాయన ఉండేవాడు. విప్పి చూపించిన చొక్కాని మళ్ళీ మడత పెడితే మిల్లు నుంచి అప్పుడే వచ్చినట్టుండేది. అందుకని వీధంతా ఆయన్ని మడతలాయన అనేవారు. అంతకు ముందు దీపావళికి బేరాలు లేక బావ ఆయన్ని వద్దనుకోవలసి వచ్చింది. ఆయన వెళ్ళి ఆన్‌లైన్ పార్సిళ్ళు ఇళ్ళకి చేర్చే పనిలో చేరాడు. బావ ఆ సంగతి చెప్పేటప్పుడు మాత్రం ఫ్యాన్ వంక చూసేవాడు.

నా చెయ్యి మంచిదని తేలింది ఒక జలుబు మూలంగా. ఒకరోజు పొద్దున్న తుమ్ముకుంటూ వెళ్ళి బావని జేబురుమాలు అడిగాను. ఇంటివాడినని ఊరికే ఇవ్వబోయాడు. అంతలోనే ఆగి, 'బోణీ అవ్వలేదు బావా, ఊరికే ఇత్తే రోజు పాడైపోతాది. డబ్బులియ్యి' అన్నాడు. ఇచ్చాను. ఆ నోటు కళ్ళకద్దుకుని గల్లాలో వేశాడు. సాయంత్రానికి సబ్బవరం వైపు పెళ్ళివారు రెండు ఆటోల్లో దిగి సగం కొట్టు పట్టుకుపోయారు. (ఆ రుమాలు ఆ రోజే బస్సులో పోయింది. తెచ్చిన అదృష్టంలో నా వాటా అంతే.)

మర్నాడు నన్ను పిలిచి కూర్చోబెట్టి టీ తెప్పించాడు. కొట్టు అద్దెకిచ్చినాయన నెలాఖరుకి మాట చెప్పమన్నాడట, ఉంటావా ఖాళీ చేస్తావా అని. ఫోన్ల కొట్టు పెట్టేవాడొకడు ఎక్కువ అద్దెకి సిద్ధంగా ఉన్నాడట.

'సూడు బావా,' అన్నాడు. 'నీ సెయ్యి మంచిది. ఈ నెల్లాళ్ళూ బేగి వచ్చి నువ్వే బోణీ సెయ్యి. బేరాలు లేసినాయా, ఉంటాను. లెగలేదా, సటర్ దించేసి ఎల్లిపోతాను. ఇంకేటి సేత్తాను?'

'నా చేతిలో ఏముంది బావా?'

'ఏటుందో నాకేటి తెలుసు. ఉన్నాదని మొన్న తెలిసింది కదా.'

నాకు లోపల్లోపల గర్వంగానే ఉంది, దాచుకోవడమెందుకు. ఆ వయసు దాకా నా చేతిని మంచిదన్నవాళ్ళు లేరు. (నా దస్తూరీ చదవాల్సిన మా డెస్కు వాళ్ళు అస్సలు అనలేదు.) ఒప్పుకున్నాను. రోజూ పొద్దున్నే వెళ్ళి, కుడికాలు ముందు పెట్టి లోపలికి నడిచి, ఒక జేబురుమాలు కొని, బావ ఆ నోటు కళ్ళకద్దుకుంటే చూసి, పెద్ద పని చేసినవాడిలా ఆఫీసుకి పోయేవాణ్ణి. నా చేత చొక్కా కొనిపించడానికి మాత్రం బావ ఒప్పుకునేవాడు కాదు. 'రుమాలంటే బోణీ. సొక్కాకి నీ దగ్గర డబ్బులెలాగ తీసుకుంటాను? మీ అక్క ఊరుకుంటాదేటి?' అనేవాడు.

బేరాలు లేవలేదు. వారం గడిచింది, రెండు వారాలు గడిచాయి. కొన్ని రోజులు మధ్యాహ్నం దాకా నా రుమాలే బోణీ, నా రుమాలే బేరం. జనం రాకుండా లేరు. వచ్చి చొక్కా వేసుకుని అద్దంలో చూసుకుని, చీటీ మీది సైజు ఫోనులో ఫోటో తీసుకుని, 'మళ్ళీ వస్తామండీ' అని వెళ్ళిపోయేవారు. 'ఈ కొట్టు కొలతలు సూసుకునే గదైపోనాది బావా,' అన్నాడు బావ ఒకరోజు, విప్పిన చొక్కాల్ని మడతపెట్టే ప్రయత్నం చేస్తూ. మడత ఎప్పుడూ ఒక పక్కకి వంకరగా వచ్చేది.

మూడో వారంలో మా ఆఫీసు పెద్దాయన నన్ను కొత్త మాల్ ప్రారంభోత్సవానికి వెళ్ళమన్నాడు. మంచి చొక్కా వేసుకు వెళ్ళమని కూడా అన్నాడు, నన్ను పైనుంచి కిందికి ఒకసారి చూసి. నాకున్న మంచి చొక్కా అప్పుడు నా ఒంటి మీదే ఉంది. బావనడిగితే ఊరికే ఇస్తాడు. అసలే బేరాల్లేని మనిషి దగ్గర ఊరికే చొక్కా తీసుకోవడం పాపం కాదూ? అలా బావకి ఒక చొక్కా మిగల్చాలన్న మహా సదుద్దేశంతో ఫోనులో ఒక చొక్కా బుక్ చేశాను. (తక్కువలో వచ్చిందన్నది రెండో కారణం. ఇన్నేళ్ళ తరవాత వరస మార్చి చదువుకుంటున్నాను.) ఒక్క సంగతి మరిచిపోయాను. నా గది ఏ పార్సిలు వాడికీ దొరకదు. ఆరు నెలల కిందట ఒక చార్జరు తెప్పించుకున్నప్పుడు ఫోనులో బావ కొట్టు అడ్రసే పెట్టాను. అది అలాగే ఉండిపోయింది.

ఆ రోజు నేను కొంచెం ఆలస్యంగా వెళ్ళాను. కొట్టు మెట్టు కింద ఎండలో మడతలాయన నిలబడి ఉన్నాడు. వీపున పెద్ద సంచీ, చేతిలో ఒక పార్సిలు. దాన్ని గుండెలకి ఆనించి పట్టుకున్నాడు. లోపల బావ ఖాళీగా కూర్చున్నాడు.

'ఏమండీ, లోపలికి వెళ్ళొచ్చు కదా?' అన్నాను.

'బోణీ అవ్వకుండా నానెలాగ ఎక్కుతాను బాబూ మెట్టు? అదీ ఈ సరుకు పట్టుకుని,' అన్నాడు మడతలాయన. 'మీ కోసమే సూత్తన్నాను.'

'సూడు బావా, మన కొట్టు అడ్రసిచ్చి మరీ తెప్పించుకున్నాడెవడో,' అన్నాడు బావ లోపలినుంచి. 'పేరు సెప్పమంటే సెప్పడు ఈయన.'

అప్పుడు నేనొక ఉపన్యాసం ఇచ్చాను. ఎందుకిచ్చానని ఇప్పటికీ నన్ను నేను అడుగుతుంటాను. ఇరుగుపొరుగు కొట్లని కాదని ఫోనుల్లో కొనేవాళ్ళకి సిగ్గుండాలన్నాను. దీని మీద పేపర్లో రాస్తానన్నాను. మడతలాయన కళ్ళతో ఏదో చెబుతున్నాడు. నా వాగ్ధాటికి ముగ్ధుడయ్యాడనుకున్నాను. 'ఏదీ, ఇలా ఇవ్వండి, నేను చదువుతాను' అని ఆయన చేతిలోంచి పార్సిలు లాక్కున్నాను.

నా పేరు అంత పెద్ద అక్షరాల్లో అంతకు ముందెప్పుడూ అచ్చు కాలేదు.

సరిగ్గా అప్పుడే నా జేబులో ఫోను కూసింది. మడతలాయన నేల వంక చూస్తూ, 'నంబరొచ్చి ఉంటాది బాబూ. సెప్తే ఫోన్లో కొట్టుకుంటాను. నాకింకా గోపాలపట్నం దాకా ఉన్నాయి' అన్నాడు.

'సెప్పెయ్యి బావా,' అన్నాడు మా బావ. 'ఎండలో నిలబడ్డాడు పాపం.'

నాలుగు అంకెలు చెప్పాను. ఒక్కో అంకెకీ గొంతు తగ్గింది, ఆఖరుది మడతలాయన రెండోసారి అడిగాడు.

బావ ఆ పార్సిలు తీసుకుని కత్తెరతో జాగ్రత్తగా కోసి, చొక్కా తీసి బల్ల మీద పరిచాడు. భుజం దగ్గర కుట్టు వేళ్ళతో పట్టి చూశాడు. తిడతాడేమో, తిడితే బాగుండునని ఎదురుచూశాను. 'కుట్టు బాగానే ఉంది,' అన్నాడు. తరవాత కాలరు తిప్పి చూశాడు. 'ముప్పై ఎనిమిది తెప్పించుకున్నావు. నీది నలభై కదా బావా. అడిగితే సెప్దును.'

మెట్టు కిందనుంచి మడతలాయన, 'బోణీ ఇంకా అవ్వలేదు' అని గుర్తు చేశాడు. నేను గబగబా రుమాళ్ళ పెట్టె వైపు చెయ్యి చాచాను. బావ దాన్ని పక్కకి జరిపి, వెనక అరలోంచి నీలం చొక్కా ఒకటి దించి నా ముందు పెట్టాడు. నలభై.

'ఇది తీసుకోండి,' అన్నాడు.

ఆ 'అండి' నాకు రెండు క్షణాలు అర్థం కాలేదు. బిల్లు పుస్తకం తీసి పూర్తి ధరకి బిల్లు రాశాడు. డబ్బు తీసుకుని కళ్ళకద్దుకున్నాడు. చొక్కా కవర్లో పెట్టి ఇస్తూ, ఇరవయ్యేళ్ళుగా అందరితోనూ అన్న మాటే నాతోనూ అన్నాడు. 'మళ్ళీ రండి.' (ఆ ముప్పై ఎనిమిదిని వాపసు తీసుకోవడానికి మళ్ళీ మడతలాయనే వచ్చాడు. నా గదికి, ఈసారి వెతుక్కుని. నా మంచం మీద దాన్ని పరిచి ఎంత బాగా మడతపెట్టాడంటే, కంపెనీ వాళ్ళు ఎవరూ విప్పనే లేదనుకుని ఉంటారు.)

ఆ నీలం చొక్కాతోనే మాల్ ప్రారంభానికి వెళ్ళాను. దాని మీద నేను రాసిన కథనం నా పేరుతో అచ్చయింది. మర్నాడు బోణీకి వెళ్ళేసరికి బావ పేపరు చదువుతున్నాడు. 'కొత్త మాల్ నగరవాసులకి వరం అని రాసినారు,' అన్నాడు నింపాదిగా. 'బాగుంది. నానూ నగరవాసినే కదండీ, నాకేటి వరం?' రుమాలు ఇచ్చి, 'కూర్చోండి, టీ తాగుతారా' అన్నాడు. ఆ తరవాత అన్ని రోజులూ రండి, కూర్చోండి, వెళ్ళిరండి. అక్క ఇంటికి వెళ్ళినా అంతే. అన్నం వడ్డిస్తూ అక్క, 'ఇదేటి, ఆయనకి నువ్వు “మీరు” ఎప్పుడైపోయావు?' అంది. నేను ముద్ద మింగడంలో మునిగిపోయినట్టు కనబడ్డాను. బోణీ మాత్రం ఒక్కరోజూ మానలేదు. ఇంకొక పెళ్ళివారి ఆటో ఆ వీధిలోకి తిరిగితే అన్నీ మళ్ళీ సర్దుకుంటాయని నా ఆశ. పెళ్ళిళ్ళు జరిగాయి, ఆటోలు తిరిగాయి, మా కొట్టు ముందు ఆగలేదు.

నెలాఖరు మధ్యాహ్నం వెళ్ళేసరికి మిగిలిన సరుకు మూటలు కట్టి ఉంది. టోకుగా కొనేవాడు వ్యాన్ తెచ్చి పట్టుకుపోయాడు. అరలు ఖాళీ అయ్యాక ఆ కొట్టు నేననుకున్న దానికన్నా చిన్నదని తెలిసింది. బావ అప్పన్న పటం తీసి తువ్వాల్లో చుట్టి స్కూటరు ముందు పెట్టాడు. షట్టరు లాగితే ఒక పక్క తుప్పు పట్టి కదల్లేదు. రెండుసార్లు లాగాడు. నేను కొంచెం దూరంగా, మర్యాదగా నిలబడి ఉన్నాను.

'బావా, ఆ సివర పట్టుకో,' అన్నాడు. 'ఇది ఒక్కడికి దిగదు.'

పట్టుకున్నాను. ఇద్దరం దించాం. ఆ నెలలో నా చెయ్యి పనికొచ్చింది అప్పుడొక్కసారే.

ఆ ఫోన్ల కొట్టు రెండేళ్ళు నడిచి అదీ మూసేశారు. ఇప్పుడక్కడ పార్సిళ్ళు దింపుకునే గోడౌనుంది. బావ ఆ మాల్‌లోనే మగవాళ్ళ బట్టల దగ్గర పనిచేస్తున్నాడు. నల్ల ప్యాంటు, మెళ్ళో పేరున్న కార్డు. మాల్ కూడా వరంలా ఏమీ లేదు. జనం వస్తారు, ఏసీలో తిరుగుతారు, ఫోటోలు దిగుతారు. మేడమీద సగం కొట్లకి 'త్వరలో' అన్న బోర్డులు వేలాడుతున్నాయి. అవి వచ్చేవో పోయినవో తెలియదు. నా బీరువా అడుగు అరలో ఆ నెల బోణీల ఇరవై అయిదు రుమాళ్ళున్నాయి, చాలావాటికి మడత కూడా విప్పలేదు. ఎంత ఏడిచినా మనిషికి అన్ని అక్కర్లేదు.

అయినా అప్పుడప్పుడు మాల్ తెరిచే వేళకి వెళుతుంటాను. మొన్నా వెళ్ళాను. విడిగా అమ్మరట, మూడు రుమాళ్ళ ప్యాకెట్టే తీసుకోవాలట. 'గుడ్ మార్నింగ్ సర్,' అన్నాడు బావ, పక్కన సూపర్‌వైజరున్నాడు గనక. అందరూ ఫోను చూపించి చెల్లించే చోట నేను నోటు తీసిచ్చాను. బిల్లు కౌంటరుకి తనే తీసుకెళతానని నోటు పట్టుకుని నాలుగడుగులు వేసి, కెమెరా వైపు వీపు పెట్టి, చటుక్కున కళ్ళకద్దుకున్నాడు. తిరిగొచ్చి కవరిస్తూ నన్ను పైనుంచి కిందికి చూశాడు.

'నలభై నాలుగైపోనావు బావా,' అన్నాడు గొంతు తగ్గించి.

నేను అడగలేదు. ముప్పై ఎనిమిది తెప్పించుకున్న ఆ కుర్రాణ్ణి తలుచుకుని, పొట్ట కాస్త లోపలికి లాక్కుని, ఎస్కలేటర్ దిగాను.