సుద్దగీతల ఇల్లు

డబ్బు పెట్టిన నిర్మాత ఆ రోజు కారు దిగి నేరుగా డాబా మీదికి వచ్చాడు. డాబా నిండా సుద్దగీతలు. రోడ్డు వెడల్పు చేస్తామని పాత వీధిని నేలమట్టం చేసి, అక్కడి కుటుంబాలను ఊరి చివర ఈ నాలుగంతస్తుల మేడలో పడేశారు. పోయిన తమ ఇళ్ళను ఆడవాళ్ళే డాబా మీద గీసి, గదిగదీ తిరిగి చూపిస్తుంటే కెమెరా అమ్మాయి సినిమా తీస్తోంది.

ఇస్త్రీ ఆవిడ తన వంటింట్లో నిలబడి, పాలగిన్నెలో తల ఇరికించుకున్న పిల్లి ఇల్లంతా ఎలా తిరిగిందో చెబుతూ విరగబడి నవ్వుతోంది. నిర్మాతకు ఆ నవ్వు మింగుడు పడలేదు. ఇల్లు పోయినావిడ నవ్వితే ఎవరూ నమ్మరన్నాడు. మళ్ళీ చెప్పించి కాస్త కంటతడి పెట్టించమన్నాడు.

కెమెరా అమ్మాయి గొంతు పెంచకుండా కెమెరాకు మూత పెట్టేసింది.

"ఆవిడ ఏడుపు ఆవిడిష్టం. ఏడుపే కావాలంటే మీరు ఏడవండి సార్, తీస్తాను."

ఆయన ముఖం కందగడ్డ చేసుకుని విసురుగా ముందుకొచ్చాడు. టైలరమ్మ కూర్చున్న చోటి నుంచే అడ్డుకుంది.

"గోడలోంచి వస్తావేంటయ్యా? గుమ్మం అటుంది."

అంత మనిషీ గీత మీంచి కాలు వెనక్కి తీసుకుని, చుట్టూ తిరిగి గుమ్మంలోంచి వచ్చాడు. ఆడవాళ్ళు పగలబడి నవ్వారు. పిల్లి కథ నవ్వుతో సహా సినిమాలో ఉండిపోయింది.

మొదట్లో టైలరమ్మ ఈ అమ్మాయిని పనీపాటా లేని మనిషి అనుకుంది. మా బతుకులు నీకు తమాషాగా ఉన్నాయా అని గుమ్మంలోనే కడిగేసింది. ఆ పిల్ల కదల్లేదు. కెమెరా సంచిలోనే ఉంచి, చొక్కాలకు గుండీలు కుడతానని కూర్చుంది. అన్నీ తప్పు పక్కన కుట్టింది. టైలరమ్మ తిట్టుకుంటూ విప్పింది. ఆ పిల్ల మర్నాడూ వచ్చింది. ఆ విప్పుళ్ళ మధ్యే పాత ఇంటి మాట వచ్చి, నోటితో చెప్పలేక టైలరమ్మ గుడ్డల మీద గుర్తులు పెట్టే సుద్దతో నేల మీద గీసింది. డాబా మీది గీతలన్నీ అక్కడ మొదలైనవే.

అందరి ఇళ్ళూ అయ్యాక టైలరమ్మ ఊరుకోలేదు.

"ఇంతమంది ఇళ్ళల్లో దూరావు. మరి మీ ఇల్లేదే?"

ఆ పిల్ల ఒక వంటిల్లు, కిటికీ గీసి ఆగిపోయింది. తను చిన్నగా ఉన్నప్పుడే వాళ్ళ వీధినీ ఫ్యాక్టరీ కోసం కొట్టేశారట. అమ్మ అప్పటినుంచీ మేనమామ ఇంట్లో పక్క గదిలో ఉంటూ, ఎవరూ లేవకముందే పరుపు చుట్టేసి పెడుతుందట. పాత ఇంటి మాటెత్తితే చాలు, పొయ్యి మీద ఏదో మాడుతోందని లేచిపోతుందట. ఆవిడ చెప్పేదాకా ఈ సినిమా పూర్తి చేయనని ఆ పిల్ల తెగేసి చెప్పింది. అమ్మ దగ్గరికి వెళ్ళిన ప్రతిసారీ ఉత్త చేతులతోనే వచ్చింది. అయినా మళ్ళీ బయల్దేరేది.

చివరికి, నీ పని ఏమిటో చూసి పోతానని ఆవిడే వచ్చింది. డాబా అంతా ఒక చుట్టు తిరిగింది. కూతురి సగం గీతల దగ్గర ఆగింది.

"వంటిల్లు ఈ పక్కన గీసిందెవరే? పొగంతా నా మంచం మీదికి కొట్టదూ?"

చెప్పులు బయట విడిచి, సుద్దముక్క అందుకుని వంగింది.

కెమెరా అమ్మాయి వెనక్కొచ్చి కెమెరాను టైలరమ్మ ఒళ్ళో పెట్టింది.

"అత్తా, ఇది మీరు పట్టుకోండి. నేను అమ్మతో లోపలికి వెళ్ళాలి. నేను ఏడ్చినా, అమ్మ కసిరినా మీరు మాత్రం ఆపకండి."