మిగిలిన మూడు సెంటీమీటర్లు

మా పిన్ని మెట్లు చేస్తుంది. తలుపులు, బల్లలు కూడా చేస్తుంది గానీ, ఆమెను వెతుక్కుంటూ వచ్చినవాళ్లు మాత్రం "మెట్ల పిన్ని ఉందా?" అనే అడుగుతారు. అది వింటే నాకు ఒళ్లు మండుతుంది. ఎవరికి పడితే వాళ్లకి పిన్ని ఎలా అవుతుంది? నాకు మాత్రమే పిన్ని. అయినా లోలోపల గర్వంగానే ఉంటుంది, దాచుకోవడం దేనికి.

బాబాయిని చేసుకుని ఈ ఇంటికి వచ్చేనాటికి ఆమెకు సుత్తి పట్టుకోవడం కూడా రాదు. ఇంటి వెనక షెడ్డులో బాబాయిది వడ్రంగం పని. పిన్ని మొదట వార్నిష్ పూసింది, తర్వాత చిత్రిక పట్టింది, ఆ తర్వాత రంపం ఆమె చేతికి వచ్చింది, ఇక బాబాయికి తిరిగి దక్కలేదు. పెన్సిల్ చెవి మీద నిలవడం లేదని కొప్పులో గుచ్చుకునేది. ఇప్పటికీ అంతే. లెక్కలకు మాత్రం ఆమడ దూరం. బడిలో భాగహారం దాకా వచ్చి, చివర "శేషం" అని రాసి చేతులు దులుపుకున్న మనిషి. దశాంశాలు చెప్పే ఏడాదికి బడి మానేసింది.

ఈ మెట్ల గొడవంతా నాయనమ్మ పడిపోవడంతో మొదలైంది. నాయనమ్మ గది మేడమీద. చూపు పూర్తిగా పోయాక కూడా అక్కడే ఉండేది. కిటికీ పక్కన కూర్చుంటే వీధి మొత్తం చెవిన పడుతుందని, కింద ఫ్రిజ్ మోత తప్ప ఇంకేం వినపడదని అనేది. ఒకరోజు దిగుతూ చివరి మెట్టు దగ్గర బోర్లా పడింది. అంతకుముందు తూలిందీ అక్కడే. మణికట్టు వాచింది. ఇక మేడ ఎక్కేది లేదని బాబాయి తేల్చేసి, ఆమె మంచం కిందికి దించేశాడు. పాపం, చూపు లేదు కదా అని అందరం అనుకున్నాం. నాయనమ్మ ఆ రోజు నుంచి కంచంలో సగం వదిలేయడం మొదలుపెట్టింది.

పిన్నికి ఇది మింగుడుపడలేదు. చూపు లేకపోవడమే కారణమైతే అన్ని మెట్ల మీదా పడాలి కదా, ఆ ఒక్క చోటే ఎందుకు పడుతుంది అంది. టేపు పట్టుకుని మెట్ల మీద కూర్చుంది. పైనున్న పద్నాలుగు మెట్లూ ఒక్కోటి పద్దెనిమిది సెంటీమీటర్ల ఎత్తు. అడుగున ఉన్న ఆ చివరి మెట్టు ఇరవై ఒకటి.

ఆ మెట్లు చేసింది తాతయ్య. నేల నుంచి మేడకు 2.73 మీటర్లు. పదిహేను మెట్లకు పంచితే ఒక్కోదానికి పద్దెనిమిది సెంటీమీటర్లు వచ్చి, మూడు మిగిలాయి. ఆ మూడునూ అడుగు మెట్టులో కలిపేశాడు. కళ్లున్న మేమంతా చూసుకుని దిగాం కాబట్టి మాకు తెలియనే లేదు. నాయనమ్మ కాలికి తెలిసింది.

చెదలు పట్టిన ఆ మెట్లను ఎలాగూ మార్చాలి. కొత్తవి తానే చేసి అత్తయ్యను మళ్లీ పైకి పంపిస్తానంది పిన్ని. బాబాయికి కోపం వచ్చింది. తండ్రి పనికి వంక పెట్టడం ఒకటైతే, తల్లి మళ్లీ పడితే పూచీ ఎవరిదన్నది ఇంకొకటి. చివరికి ఒక షరతు మీద ఒప్పుకున్నాడు. కొత్త మెట్ల మీద అమ్మ ఒక్కసారి తూలినా సరే, ఆ గదిలో చెక్కలు పేర్చుకుంటానన్నాడు.

పిన్ని నా చిన్ననాటి లెక్కల పుస్తకం ముందేసుకుని, షెడ్డు గోడ మీద సుద్దతో 2.73ని పదిహేనుతో భాగించింది. జవాబు 1.82 వచ్చింది. బాబాయి గోడకు వీపు ఆనించి నిలబడి, నెత్తి మీద చెయ్యి పెట్టి చూసుకున్నాడు.

"ఒక్కో మెట్టూ నాకంటే నాలుగు వేళ్లు ఎత్తు. ఎక్కడానికి నిచ్చెన కూడా నువ్వే చేస్తావా?" అన్నాడు.

పడీ పడీ నవ్వాం. పిన్ని కూడా నవ్వి, గోడ తుడిచి మళ్లీ మొదలుపెట్టింది. రెండులో పదిహేను పోదు. పోదని ఊరుకోకూడదు, పైన సున్నా వేయాలి. మొదటిసారి ఆ సున్నానే మింగేసింది. కింద పాయింట్ ఎక్కడుంటే సరిగ్గా దాని నెత్తినే పైన పాయింట్. ఇరవై ఏడులో పదిహేను ఒకసారి, మిగిలింది పన్నెండు. మూడు దించితే నూట ఇరవై మూడు. అందులో ఎనిమిది సార్లు, మిగిలింది మూడు.

అక్కడ ఆగింది. తాతయ్య ఆగిందీ అక్కడే. కాసేపు చూసి, ఆ మూడు పక్కన సున్నా చేర్చి ముప్పై చేసింది. ముప్పైలో పదిహేను రెండుసార్లు. ఏమీ మిగల్లేదు. 0.182 మీటర్లు, అంటే మెట్టుకు పద్దెనిమిది సెంటీమీటర్ల మీద రెండు మిల్లీమీటర్లు. శేషం వస్తే లెక్క అయిపోయినట్టని ఇన్నాళ్లూ అనుకున్నానని తర్వాత నాతో అంది.

రెండు మిల్లీమీటర్లు రంపం పంటికే పోతాయని బాబాయి గొణిగాడు. పిన్ని వినిపించుకోలేదు. మెట్టు మీద మెట్టు కొలుచుకుంటూ పోతే తప్పు పేరుకుపోతుందని, ప్రతి గీతా నేల నుంచే కొలిచింది. ఆఖరి గీత సరిగ్గా మేడ అంచున పడింది. అది చూశాక బాబాయి వెళ్లి చెక్క రెండో కొస పట్టుకున్నాడు.

మెట్లు బిగించాక నాయనమ్మను తీసుకొచ్చాం. ఎక్కడం బాగానే ఎక్కింది. భయమంతా దిగడంలోనే. బాబాయి కింద చేతులు చాచి నిలబడితే, అడుగుల చప్పుడును బట్టి కనిపెట్టి, పక్కకు తప్పుకోమంది. ఒక్కో మెట్టూ దిగి చివరిదాని మీద ఆగింది. పిన్ని కొప్పులో పెన్సిల్ తీసి రెండు చేతులతో గట్టిగా పట్టుకుంది. నాయనమ్మ పడ్డప్పటి భయంతో పాదాన్ని లోతుకు చాచింది. అనుకున్నదానికంటే ముందే నేల తగిలింది. తూలలేదు. ఇంకో కాలూ దించి, నేలను పాదంతో తడిమి చూసుకుంది.

"ఆ లోతు మెట్టు ఏదే?" అంది.

"లేదత్తయ్యా. అన్నిటికీ తలా కాస్త పంచేశాను," అంది పిన్ని.

నాయనమ్మ ఆమె చెయ్యి వెతికి పట్టుకుని, ఒకసారి నొక్కి వదిలేసింది. తర్వాత వెనక్కి తిరిగి, పక్కనున్న రెయిలింగ్ ముట్టుకోకుండా, ఎవరినీ పిలవకుండా ఎక్కి వెళ్లిపోయింది. కిటికీ తలుపు తెరిచిన చప్పుడైంది. ఆ తర్వాత పైనుంచి ఆమె గొంతు వినిపించింది.

"నా మంచం పంపించండి."