ఎంజో గారి నీలం సముద్రం

నిరుడు మాఘమాసం చివర్లో, కాకినాడలో నేను పనిచేసే కంటాసుపత్రిలో జరిగిందిది. నేను ఆప్టోమెట్రిస్టుని. ఆపరేషన్లు చేసేది డాక్టరమ్మ, చూపు కొలిచి కళ్లద్దాల నంబరు తేల్చేది నేను. ఇరవై ఏళ్లుగా "ఈ అక్షరం ఏంటండీ?" అని అడగడమే నా పని. కళ్ల గురించి నాకు తెలియంది లేదని కాస్త పొగరు కూడా ఉండేది.

ఎంజో గారు ఇటలీ ఆయన, సినిమా కెమెరామన్. డెబ్భైకి దగ్గర పడ్డారు. కుర్రతనంలో కెమెరా పెట్టెలు మోసే పనిలో చేరి, ఫోకస్ తిప్పే అసిస్టెంటుగా పదేళ్లు చేసి, ఆ తర్వాత ముప్ఫై ఏళ్లకు పైగా సొంతంగా సినిమాలు తీశారట. ఉప్పాడ నేత మీద డాక్యుమెంటరీ తీయడానికొచ్చి, రెండు నెలలుగా అప్పారావు గారనే నేత పనివారి ఇంట్లో మకాం. ఎండలో చూపు చెదురుతోందని మా దగ్గరికొస్తే రెండు కళ్లలోనూ శుక్లాలు. మీ దేశం వెళ్లి చేయించుకోండి అంటే, షూటింగ్ మధ్యలో కదలనన్నారు. సరే, ముందు కుడికన్ను, కొన్నాళ్లాగి ఎడమకన్ను అనుకున్నాం.

ఆసుపత్రికి మనిషిని ఒంటరిగా పంపడం మన వైపు లేదు కదా! అప్పారావు గారు మగ్గం ఆపేసి, క్యారేజీ పట్టుకుని వెంట వచ్చారు. ఫారంలో పేషెంటుకి మీరేమవుతారు అన్న చోట "మా ఇంటి మనిషి" అని రాసి సంతకం పెట్టారు.

ఆపరేషనైన మర్నాడు కట్టు విప్పి చూపు చూశాను. 6/6, అంటే ఆరు మీటర్ల దూరం నుంచి చదవాల్సిన చిన్న వరస కూడా చదివేశారన్న మాట. నేను సంబరంగా చెప్పబోతుంటే ఆయన మొహం మాడిపోయింది. ఒక కన్ను మూసి, మళ్లీ రెండోది మూసి, నా వంకే చూస్తున్నారు.

"నొప్పిగా ఉందాండీ?"

"లేదు."

"మసగ్గా ఉందా?"

"లేదు. మీ కోటు ఈ కంటికి తెలుపు, ఆ కంటికి పసుపు. ఏది నిజం?"

నా బుర్ర తిరిగిపోయింది. కంటి ప్రెషర్ చూశాను, నార్మల్. రెటీనా స్కాన్ తీశాం, అదీ నార్మలే. డాక్టరమ్మ వచ్చి "ఫస్ట్ క్లాస్‌గా ఉంది" అనేసి వెళ్లిపోయారు. శుక్లం తీస్తే రంగులు మారతాయని నేనూ చదువుకున్నాను. కానీ రంగులు బాగా కనిపిస్తున్నాయని మురిసిపోయేవాళ్లే తప్ప, దానికి బెంగపడ్డ మనిషిని అంతవరకూ చూళ్లేదు.

ఆయన సంచీలోంచి లాప్‌టాప్ తీశారు. తీసిన బొమ్మల రంగులు సరిచేయడాన్ని గ్రేడింగ్ అంటారట, అదీ ఆయనే చేసుకుంటున్నారు. కొత్త కంటితో చూసి, లాప్‌టాప్ నా వైపు తిప్పారు. ఉప్పాడ సముద్రం నీలిమందు ఎక్కువైన పంచెలా ఉంది. ఇసక నీలం, అప్పారావు గారి మొహం కూడా నీలం.

అప్పుడు వెలిగింది నాకు. శుక్లం కంట్లో పసుపుపచ్చని అద్దంలా అడ్డుపడి నీలాన్ని తగ్గిస్తుంది. చాల్లేదనుకుని ఈయన నీలం కలుపుకుంటూ పోయారు. అదే చెప్పాను.

"ఎన్నేళ్ల నుంచి?"

"చెప్పలేమండి. మెల్లగా ముదురుతుంది."

ఇరవై ఏళ్లకు పైగా మార్కో అనే ఒక్క డైరెక్టరుతోనే పనిచేశారట. మూడేళ్ల కిందట "అంతా నీలంగా ఉంది, నీ కన్ను పాడైంది" అన్నాడని గొడవపడి, నువ్వే గుడ్డివాడివని తిట్టి, రంగుల పని పూర్తికాకుండానే ఆ సినిమా వదిలేసి వచ్చేశారు. అప్పట్నుంచీ మాటల్లేవు. "ఇదీ ఆపేస్తాను. ఇంక కెమెరా ముట్టుకోను," అన్నారు.

ఇంగ్లీషు రాని అప్పారావు గారికి కంగారు. "ఏంటమ్మా, కన్ను గానీ పోయిందా?" అన్నారు. జరిగింది చెప్పాను. ఆయన తల దించుకుని, "నీలంగా ఉందని నాకు మొదట్రోజే తెలుసమ్మా. మా సముద్రం మట్టిరంగు కదా," అన్నారు.

ఆ మాట ఇంగ్లీషులో చెప్పేసరికి ఎంజో గారు గిరుక్కున తిరిగారు. "అడిగినప్పుడల్లా బాగుందనే అన్నావుగా!"

"ఇంటికొచ్చిన పెద్దాయన ముచ్చటపడి చూపిస్తుంటే బాగాలేదని ఎలా అంటామండీ? మీ దేశంలో అలాగే తీస్తారేమో అనుకున్నాను."

నాకు తల కొట్టేసినట్టయింది. ఆపరేషన్‌కి ముందు ఆయన మా స్టాఫ్‌కీ అదే సముద్రం చూపించారు. "సూపర్ అండీ" అన్న మొదటి మనిషిని నేనే. కంటాసుపత్రిలో ఉండి, రోగం కళ్లెదుట పెట్టినా మర్యాదకి పోయాను! అదీ ఒప్పేసుకున్నాను.

తిడతారనుకున్నాను. ఆయన లాప్‌టాప్ మూసేశారు. "నా అసిస్టెంట్లు భయపడి చెప్పలేదు. మీరు మర్యాద కొద్దీ చెప్పలేదు. చెప్పింది ఆ మార్కో ఒక్కడే," అని ఫోన్ తీసుకుని కారిడార్లోకి వెళ్లారు. అరిచారు, మళ్లీ గొంతు తగ్గించారు, గోడకి తల ఆన్చి నిలబడిపోయారు. "తిట్టుకుంటున్నారా అమ్మా?" అని అప్పారావు గారు అడిగితే ఏం చెప్పను, అంతా ఇటాలియన్, నాకూ ఒక్క ముక్క అర్థం కావడం లేదు.

కళ్లు తుడుచుకుంటూ తిరిగొచ్చారు. కొత్త కంటికి చెయ్యి తగలనివ్వద్దని నేను కేకేశాను.

"మార్కో ఆ సినిమా నీలంగానే విడుదల చేశాడట," అన్నారు.

"తప్పని తెలిసి కూడానా?"

"నేనూ అదే అడిగాను. అది నువ్వు తీసింది, మార్చడానికి నాకు చెయ్యి రాలేదు అన్నాడు."

రెండో కన్ను కూడా అయ్యాక, అప్పారావు గారిని పక్కన కూర్చోబెట్టుకుని రంగులన్నీ మళ్లీ సరిచేశారు. ఇప్పుడు నేను ఆపరేషన్‌కి ముందే ప్రతి ఒక్కరినీ మీరేం పని చేస్తారండీ అని అడుగుతున్నాను, రంగులు మారతాయని చెబుతున్నాను. అంతవరకూ నేర్చుకున్నాను. తేడా ఉంటే మొహమ్మీద చెప్పాలనీ నేర్చుకున్నానని రాద్దామనుకుంటాను గానీ, మొహమ్మీద చెప్పిన ఆ మార్కోయే చివరికి ఆ నీలం మీద చెయ్యి వెయ్యలేకపోయాడు కదా అని ఇక్కడే ఆగిపోతున్నాను.