మోకాటిచిప్ప పక్కకు పోయిన మధ్యాహ్నం

‘ఆ రోజుల్లో’ అని మొదలుపెట్టే వయసు నాకింకా రాలేదు. ముప్పయ్యేళ్లు కూడా నిండని మనిషి అట్లా అంటే చదివేవాళ్లు నవ్వుతారని తెలుసు. కానీ సర్వేయరు ఉద్యోగంలో చేరిన కొత్తలో నాకున్న ధీమాను ఇప్పుడు తలుచుకుంటే, అది నాది కాదు, ఎప్పటిదో పాతకాలపు మనిషిది అనిపిస్తుంది. భూముల రీసర్వే జరుగుతున్న కాలం. మార్కాపురంలో గది తీసుకుని, పొద్దున్నే బస్సెక్కి కొండవారనున్న పల్లెకు పోయి, భుజాన రోవర్ కర్ర పెట్టుకుని చేలన్నీ తిరిగేదాన్ని (మనం నిలబడిన చోటేదో ఉపగ్రహాలను అడిగి, వేలెడు తేడా లేకుండా చెప్పే యంత్రమది). గిద్దలూరులో ఇనుప సామాన్ల దుకాణం నడిపే మా నాయన ఈ ఉద్యోగానికి ఒక్క షరతు మీద ఒప్పుకున్నాడు. “ఒంట్లో ఏం బాగలేకున్నా నాతో చెప్పాల. దాచినావని తెలిస్తే ఆ పొద్దే రాజీనామా.” నేను బుద్ధిగా తలూపాను. అప్పటికే నా కుడి మోకాటిచిప్ప రెండుసార్లు పక్కకు జారి, దానంతటదే మళ్లీ చోటికి వచ్చింది. ఒకసారి కాలేజీలో ఖోఖో ఆడుతూ, ఇంకోసారి హాస్టలు మెట్ల మీద. రెండుసార్లూ వాపుకు ఐసు పెట్టుకుని, ఫోనులో “ఏం లేదు నాయనా, జలుబు” అని చెప్పాను. మోకాలికి జలుబేమిటని ఎవరూ అడగలేదు, మోకాలి సంగతే చెప్పలేదు గనక.

పనిలో నాకు ఇద్దరు తోడు. ఒకరు ఊరి తలారి, ఎండైనా వానైనా ఉన్నిటోపీ తీయడు గనక నాకు టోపీ మామ. రెండో మనిషి హద్దుల దగ్గర సున్నంతో గుర్తులు వేసే కూలిమనిషి, సున్నం పెద్దమ్మ. మామ ప్రతి రాయికీ దండం పెట్టేవాడు. పెద్దమ్మ ఆదివారం తప్పకుండా చర్చికి పోయే మనిషి, మామ దండం పెట్టినప్పుడల్లా గట్టిగా దగ్గేది. ఆ ఊరి పొలిమేరలో ‘పాతూరు’ అనే చోటు ఉంది. ఎప్పుడో జనం వదిలేసి పోయిన ఊరు. కలరా వచ్చి అని కొందరు, నీళ్లెండిపోయి అని కొందరు చెప్పేవాళ్లు. పలకరాళ్లతో కట్టిన గోడలు అట్లాగే ఉన్నాయి, పైన కప్పులు లేవు. ద్వారబంధాలు ఉన్నాయి, తలుపులు లేవు. మిగతా ఊరంతా కొలిచాక ఆ ఒక్క చోటు మిగిలింది. “సాయంత్రం పోదాం లే పాపా, మిట్టమధ్యాహ్నం వద్దు” అన్నాడు మామ. నేను నవ్వాను. “యంత్రానికి మధ్యాహ్నమేంది, సాయంత్రమేంది మామా?” అన్నాను. ఆయన టోపీ సర్దుకుని, “సరే. పేరు పెట్టి ఎవరన్నా పిలిస్తే పలకొద్దు. తిరిగి గూడ సూడొద్దు” అని ముందు నడిచాడు.

లోపలికి అడుగుపెట్టగానే మొదట నేను గమనించింది శబ్దం లేకపోవడం. బయట కంపచెట్లలో అంతసేపూ అరిచిన పిట్టలు ఆ గోడల మధ్య ఒక్కటీ లేవు. ఒక ఇంటి ముందున్న రోట్లో నీళ్లు నిండుగా ఉన్నాయి. వాన పడి నెల దాటింది. రోవర్ కర్రను ఇంటిమూల రాయి పక్కన నిలబెట్టాను. కర్ర కదల్లేదు గానీ, ట్యాబులో మేము నిలబడిన చోటును చూపించే చుక్క మాత్రం మెల్లగా ఒక ఇంట్లోంచి ఇంకో ఇంట్లోకి తిరగసాగింది, ఎవరినో వెతుక్కుంటున్నట్టు. రాతిగోడలు అడ్డమున్నప్పుడు అట్లా అవుతుందని మాకు శిక్షణలో చెప్పారు. చెప్పారని నాకు నేను రెండుసార్లు గుర్తు చేసుకున్నాను. అప్పుడే వెనక నుంచి, చాలా దగ్గరగా, ఒక ఆడగొంతు “చిట్టెమ్మీ” అని పిలిచింది. అది నా ముద్దుపేరు. అట్లా పిలిచేది మా అవ్వ ఒక్కతే, ఆమె పోయి అప్పటికి ఆరేళ్లు.

నేను గిరుక్కున తిరిగాను. తిరిగింది నడుముకు పై భాగమే. కుడి పాదం రెండు పలకరాళ్ల సందులో ఇరుక్కుని ఉంది. మోకాలు లోపలికి వంగింది, ‘టప్’ మని శబ్దమైంది, కూలబడ్డాను. నొప్పి ఒక క్షణం ఆలస్యంగా వచ్చింది. ఆ క్షణంలో నేను చూసిందే ఇప్పటికీ నా ఒళ్లు జలదరింపజేస్తుంది. వంగిన కాలి మీద మోకాటిచిప్ప ఉండాల్సిన చోట గుంట ఉంది. చిప్ప పక్కకు పోయి, చర్మం కింద ఎవరో పిడికిలి పెట్టినట్టు ఉబ్బి ఉంది. నా కాలే అయినా నాది కానట్టు, ఎవరిదో తెచ్చి అతికించినట్టు. ఈసారి అది తనంతట తాను వెనక్కి రాలేదు.

“చెప్పినానా లేదా? తిరిగి సూడొద్దని చెప్పినానా లేదా?” అంటూ మామ పరుగెత్తి వేపమండ విరుచుకొచ్చి నా చుట్టూ తిప్పడం మొదలుపెట్టాడు. గోడల వైపు తిరిగి చేతులెత్తి మొక్కాడు. “ఏ ఇంటోళ్లో గానీ, సామీ, గవర్నమెంటు పని మీద వచ్చిన బిడ్డ. మీ హద్దులు జరపలా, ఎక్కడియి అక్కడే రాసుకున్నాం. చిప్ప ఇచ్చేయండి.” పెద్దమ్మ అతని వైపు కూడా చూడకుండా వచ్చి నా కాళ్ల దగ్గర కూర్చుని, మడమను రెండు చేతుల్లోకి తీసుకుంది. “యాడ పడితే ఆడ ఒత్తొద్దు తల్లీ. కండ బిగబట్టబాక. వదులుగా ఇడు” అని కళ్లు మూసుకుని ప్రార్థన అందుకుంది. “ప్రభువా” అన్నప్పుడల్లా మడమ ఒక వేలెడు ముందుకు జరిగేది, కాలు అంతంతగా చాపుకునేది. ఒకవైపు వేపమండ, ఒకవైపు ప్రభువు, మధ్యలో నేను. కాలు పూర్తిగా చాపుకునే వేళకు లోపల ఏదో గట్టు దాటినట్టయి, ‘టక్’ మని చిప్ప చోటికి వచ్చి కూర్చుంది. సరిగ్గా అప్పుడే రోవర్ కీచుమని అరిచింది, దానికి చోటు దొరికిందట. ముగ్గురం ఎగిరిపడ్డాం.

“ఇచ్చేసినారు” అన్నాడు మామ చెమట తుడుచుకుంటూ. “ఎవురిచ్చినారు? నా దేవుడు పెట్టినాడు” అంది పెద్దమ్మ. వాళ్ల తగాదా తెగేలా లేదు. నేను ఏడుపు ఆపుకుంటూ, “నన్ను చిట్టెమ్మీ అని మీలో ఎవరు పిలిచినారు?” అని అడిగాను. “ఆ పేరు మాకెట్ల తెలుస్తాది?” అన్నాడు మామ, తనకు ఏమీ వినపడలేదన్నాడు. పెద్దమ్మ మాత్రం సున్నం చేతులు కొంగుకు తుడుచుకుంది. తర్వాత గొంతు తగ్గించి అంది. “నాకు ఇనపడింది తల్లీ. ముసలామె గొంతు.” ఆ తర్వాత ఎవరూ దేని గురించీ వాదించుకోలేదు. హద్దుల దగ్గర పాతే జెండాకర్రలు రెండు కాలికి అటూ ఇటూ పెట్టి నా చున్నీతో కట్టి, ఇద్దరూ నన్ను మోసుకుంటూ బయటికి నడిచారు. వెనక్కి మాత్రం ముగ్గురిలో ఒక్కరం కూడా చూడలేదు.

ట్రాక్టరు, ఆటో మారి మార్కాపురంలో ఎముకల డాక్టరు దగ్గరకు చేరేసరికి మోకాలు గుమ్మడికాయంత అయింది. మామ, పెద్దమ్మ చెరొక కథా చెప్పారు. డాక్టరు ఓపికగా విని, “కాలు మెల్లగా చాపితే చిప్ప సాధారణంగా చోటికి వచ్చేస్తుంది. మీరు గట్టిగా నొక్కకుండా మంచి పని చేశారు” అని పెద్దమ్మతో అన్నాడు. ఆమె మామ వైపు చూసిన చూపు నేను మరచిపోలేను. సాయంత్రానికి గిద్దలూరు నుంచి అమ్మా నాయనా దిగారు. కాలు కదలకుండా పట్టి ఉంచే బ్రేసు వేశారు. మర్నాడు ఒంగోలు పోయి తీయించుకొచ్చిన ఎమ్మారై ఫిల్ములను దీపానికి ఎత్తిపట్టి డాక్టరు చెప్పాడు. “చిప్ప తొడ ఎముక చివర ఒక గాడిలో జారుతుంటుంది. మీ అమ్మాయికి ఆ గాడి లోతు తక్కువ. చిప్పను లోపలివైపు లాగి పట్టే లిగమెంటు తెగింది. వెనక్కి వచ్చేటప్పుడు గట్టుకు తగిలి ఎముక ముక్క ఒకటి విరిగి లోపల తిరుగుతోంది. మొదటిసారై, ముక్క విరక్కుండా ఉంటే బ్రేసుతో, వ్యాయామాలతో చూసేవాణ్ణి. ఇది మొదటిసారేనా?”

“మొదటిసారే” అన్నాను, నాయన వైపు చూడకుండా. డాక్టరు ఫిల్మును ఇంకోసారి చూశాడు. “పాత దెబ్బల గుర్తులు కనపడుతున్నాయి తల్లీ.” మూడోసారని ఒప్పుకున్నాను. నా ఉద్యోగం అక్కడితో అయిపోయిందనుకున్నాను. నాయన ఫిల్ము వైపే చూస్తున్నాడు. “ఇది కొన్ని కుటుంబాల్లో వస్తుంటుంది. మీ ఇంట్లో ఇంకెవరికైనా ఉందా?” అని డాక్టరు అడిగితే, “మా ఇంట్లో ఎవురికీ లేదు సార్” అని అమ్మ గట్టిగా చెప్పింది. నాయన గొంతు సవరించుకున్నాడు. “నాకుంది” అన్నాడు. “ఎడమది. పెండ్లికి ముందు నుంచే.” అమ్మ ఆయన వైపు తిరిగిన తీరు చూసి, ఆమె మోకాలు కూడా జారుతుందేమోనని భయపడ్డాను. “ముప్పయ్యేళ్లు కాపరం జేస్తి, నాతో ఒక్క మాట చెప్పలేదే! అందుకా గుళ్లో ప్రదక్షిణాలకు నన్నొక్కదాన్నే పంపేది?” “చెప్తే దుకాణంలో నన్నొక బరువెత్తనిస్తావా?” అన్నాడు నాయన నేల చూస్తూ. రాజీనామా మాట మా ఇంట్లో మళ్లీ రాలేదు.

ఆపరేషన్ రోజున వెన్నులో మత్తు ఇచ్చారు. నా కాళ్లు మంచం మీద వంగి పైకి లేచి ఉన్నాయని నాకు స్పష్టంగా తెలుస్తోంది. తల ఎత్తి చూస్తే నర్సు ఒక కాలిని పట్టుకుని తుడుస్తోంది. “అది ఎవరి కాలు సిస్టర్?” అని అడిగాను. “నీదేనమ్మా.” “మరి ఇవి?” అని, వంగి ఉన్నాయనుకున్న నా కాళ్ల కోసం చేయి చాపాను. చేతికి గాలి తగిలింది. ఆ గాలినే చాలాసేపు తడుముతూ పడుకున్నాను. విరిగిన ముక్కను తీసి, తొడ వెనక నుంచి నరంలాంటి పట్టీ ఒకటి తెచ్చి, తెగిన లిగమెంటు చోట కట్టారు. చంకకర్రలతో కొన్ని వారాలు, కాలు వంచడం నేర్చుకుంటూ కొన్ని నెలలు. ఆలోగా పాతూరును వేరే సర్వేయరు వచ్చి కొలిచి వెళ్లాడు. మధ్యాహ్నం కొలిచాడో లేదో నేను అడగలేదు.

ఇప్పుడు మళ్లీ చేలన్నీ తిరుగుతున్నాను. సెలవుకు గిద్దలూరు పోతే పొద్దున్నే నడవాలో రెండు చాపలు పరుస్తారు. డాక్టరు చెప్పినట్టు నేనూ నాయనా పక్కపక్కన వెల్లకిలా పడుకుని, కాలు బిగించి చాపి, జానెడెత్తు లేపి పది లెక్కపెట్టేదాకా ఉంచాలి. లెక్క మా అమ్మది. ఆరు దాకా వచ్చి, పాలు పొంగుతాయని వంటింట్లోకి పోతుంది. అక్కడే పొయ్యి తుడిచి, పక్కింటామెతో కిటికీలోంచి నాలుగు మాటలాడి గానీ ఏడు అనదు. అంతసేపూ మా ఇద్దరి కాళ్లూ గాలిలో వణుకుతూ ఉంటాయి. “నొప్పిగా ఉందా చిన్నా?” అంటాడు నాయన, పళ్ల బిగువున. “ఏం లేదు నాయనా, నీకో?” అంటాను. “నాకేముంది!” అంటాడు. ఇద్దరం పైకప్పు వైపు చూస్తూ అట్లాగే ఉండిపోతాం.